ఇంట్లో కందిరీగలు: రంగు చూసి భయపడకండి, గూడు చూడండి

మీ ప్రశ్న క్లుప్తంగా ఇదీ: కొత్త ఇంట్లోకి వచ్చారు. పూజగది గోడ మీద మట్టి గూడు ఒకటి, బాల్కనీ సన్‌షేడ్ కింద కాగితంతో చేసినట్టున్న తుట్టె ఒకటి, మెట్ల కింద నీలంగా మెరుస్తూ తిరిగే పురుగు ఒకటి కనిపించాయి. మూడూ కందిరీగలేనా, నాలుగేళ్ళ పాప ఉంది కాబట్టి ఇల్లంతా మందు కొట్టించాలా అని అడిగారు.

ఇల్లంతా మందు అక్కర్లేదండి. మూడూ కందిరీగల వర్గానివే అయి ఉంటాయి. కానీ మీరు పట్టించుకోవాల్సింది సన్‌షేడ్ కింద ఉన్నదాన్ని ఒక్కదాన్నే. మట్టి గూడు కట్టినదీ, నీలంగా మెరిసేదీ చేతిలో పట్టుకుని నలిపితేనో, బట్టల్లో ఇరుక్కుంటేనో తప్ప కుట్టవు. పాప వాటి పక్కనుంచి పరిగెత్తినా అవి పట్టించుకోవు.

నేను వ్యవసాయ కళాశాలలో కీటకశాస్త్రం చెప్పి రిటైరయ్యాను. ఇప్పుడు నా పని చాలావరకు వాట్సాప్‌లో వచ్చే ఫొటోలకు జవాబులివ్వడమే. అందరూ ఎగిరే పురుగును వెంటపడి ఫొటో తీస్తారు. అది మసగ్గా ఒక పసుపు గీతలా వస్తుంది, "ఇదేం పురుగు సార్, విషమా?" అని పక్కనే ప్రశ్న. నేను మాత్రం ముందు గూడు ఫొటో అడుగుతాను. పసుపు, నలుపు చారలు ఎన్నో పురుగులకు ఉంటాయి. కుట్టే ముల్లే లేని ఈగలు కూడా ఆ వేషం వేసుకుని తిరుగుతాయి. గూడు మాత్రం ఎవరిది వారిదే. మట్టితో కట్టిందా, కాగితంతో కట్టిందా, నేలలోనో గోడలోనో కన్నం చూసుకుందా అన్నది తెలిస్తే సగం పైగా గుర్తుపట్టినట్టే.

ఒంటరిదా, గుంపుదా? మొదట తేల్చుకోవాల్సింది ఇదే. మట్టి గూడు కట్టే కందిరీగ ఒంటరిగా బతుకుతుంది. దాని ముల్లు వేట కోసం. సాలీడునో పురుగునో కుట్టి, చంపకుండా కదలకుండా చేసి, పిల్లలకు తిండిగా దాస్తుంది. గూడు కోసం మనతో పోట్లాడి అది చనిపోతే దాని పిల్లల్ని పెంచేవాళ్ళు ఇంకెవరూ లేరు. అందుకే మనం దగ్గరికి వెళ్తే పారిపోతుంది. కాగితం తుట్టె కట్టేవి అలా కాదు. అక్కడ కూలి చేసే ఆడవి చాలా ఉంటాయి, పదిమంది పోయినా తుట్టె నిలుస్తుంది. కాబట్టి తుట్టె కదిలితే కలిసి మీద పడతాయి. కందిరీగల తుట్టెను కదిపినట్టు అని మనవాళ్ళు అనేది వీటి గురించే. ఇంకో మాట, కుట్టేవి ఆడవే. ముల్లు అనేది గుడ్లు పెట్టే అవయవం మారి తయారైనది కాబట్టి మగవాటికి అది ఉండదు.

ఇక మీ మూడింటి సంగతి.

పూజగదిలో మట్టి గూడు రెండు రకాల్లో ఏదో ఒకటి కావాలి. గొట్టాల్లాంటి గదులు పక్కపక్కన కట్టి, పైన మట్టి మెత్తి, గోడకు ఒక ముద్ద అంటించినట్టు ఉంటే అది సాలీళ్ళను వేటాడేది. నల్లటి ఒళ్ళు, కాళ్ళ మీద పసుపు, ఛాతీకీ పొట్టకీ మధ్య దారంలాంటి సన్నటి నడుము. దీని శాస్త్రీయ నామం స్కెలిఫ్రాన్ మద్రాస్పటానమ్. 1781లో ఫాబ్రిషియస్ అనే శాస్త్రవేత్త వర్ణించిన జాతి ఇది, పేరు మన మద్రాసుదే. అలా కాకుండా గుండ్రంగా, సన్నటి మెడతో, అంచు బయటికి మడిచిన బుల్లి కూజాలా ఉంటే అది డెల్టా జాతి కందిరీగ. ఇది గొంగళి పురుగుల్ని, లద్దె పురుగుల్ని తెచ్చి నింపుతుంది.

అలాంటి గొట్టాల గూడును తరగతిలో పిల్లల ముందు విప్పి చూపించేవాణ్ణి. పైమట్టి పొర గోటితో గీకితే రాలిపోతుంది. లోపల ఒక్కో గదిలో చిన్న చిన్న సాలీళ్ళు, ఆకుపచ్చవీ బూడిద రంగువీ, కాళ్ళు ముడుచుకుని ఒకదాని మీద ఒకటి కుక్కి ఉంటాయి. చచ్చాయనే అనుకుంటాం. సూది మొనతో తాకితే ఒకదాని కాలు మెల్లగా కదులుతుంది. వాటిలో ఒకదాని పొట్ట మీద బియ్యపు నూకలో సగం కూడా లేని తెల్లటి గుడ్డు, కొంచెం వంకరగా అంటుకుని ఉంటుంది. పక్క గదిలో ఆ గుడ్డు పగిలి వచ్చిన పిల్ల పురుగు సగం సాలీళ్ళను తినేసి ఉంటుంది. ఆ పక్క గదిలో గోధుమ రంగు పొరలో నిద్రపోతున్న ప్యూపా, అంటే పిల్ల పురుగు కందిరీగగా మారే దశ. ఒకే గూట్లో దాని జీవితమంతా వరసగా కనిపిస్తుంది. కూజా కట్టే డెల్టా అయితే ముందు గుడ్డును గూడు పైకప్పు నుంచి సన్నటి దారంతో వేలాడదీసి, ఆ తర్వాత పురుగుల్ని నింపి మూతి మూసేస్తుంది.

కీటక భ్రమర న్యాయం అని పురాణాల్లో, వేదాంతంలో వినే ఉంటారు. భ్రమరం ఒక పురుగును గూట్లో పెట్టి చుట్టూ ఝుంకారం చేస్తుంటే ఆ పురుగు దాన్నే తలచుకుని తలచుకుని చివరికి భ్రమరమైపోతుందని. చూసినవాళ్ళు చూసింది నిజమే. పురుగును లోపలికి తీసుకెళ్ళడం, గూడు మూయడం, కొన్ని రోజులకు అందులోంచి కందిరీగ రావడం, అన్నీ నిజం. మధ్యలో ఉన్న గుడ్డే వాళ్ళకు కనబడలేదు. ఆ ఉపమానం ఎంత బాగున్నా, లోపల పురుగుకు దక్కింది మోక్షం కాదు!

గూడు ఏం చేయాలి? కొన్ని ఇళ్ళలో మట్టి గూడు శుభమని పెద్దవాళ్ళు తీయనివ్వరు. తీయకపోయినా నష్టమేమీ లేదు. తీయాలనుకుంటే గూడు మీద గుండ్రటి కన్నాలు పడేదాకా ఆగండి. కన్నం పడిందంటే లోపలిది బయటికి వెళ్ళిపోయిందని. అప్పుడు లప్పం బ్లేడుతో గీకి తడిబట్టతో తుడవండి. గూడు స్విచ్‌బోర్డు మీదో, ప్లగ్ కన్నాల్లోనో ఉంటే మాత్రం మెయిన్ ఆపకుండా ముట్టుకోవద్దు. ఏసీ నీళ్ళు పోయే గొట్టం, గీజర్ పొగ గొట్టం, వాడకుండా ఉంచిన బండి తాళం కన్నం, వీటన్నిటినీ ఇవి మట్టితో మూసేస్తాయి. గ్యాస్ గీజర్ ఉన్నవాళ్ళు ఆ పొగ గొట్టాన్ని అప్పుడప్పుడు తప్పకుండా చూసుకోవాలి, అది మూసుకుపోతే విషవాయువు లోపలే ఉండిపోతుంది. ఏసీ గొట్టానికైతే సన్నటి స్టీలు జాలీ బిగిస్తే సమస్య తీరుతుంది. కందిరీగ కుట్టడం కంటే నాకు ఈ గొట్టాల గురించే ఎక్కువ టెన్షన్.

మెట్ల కింద మెరిసేది ఏదో చెప్పడానికి ఫొటో కావాలి గానీ, మీరే తేల్చుకోవచ్చు. ముదురు ఉక్కు నీలం, సన్నటి నడుము, పాత మట్టి గూళ్ళ చుట్టూ తచ్చాడుతుంటే అది కాలిబియాన్. ఇతరులు వదిలేసిన గూళ్ళలో, గోడ కన్నాల్లో కాపురం పెడుతుంది. అదీ సాలీళ్ళనే పట్టుకుంటుంది. పొట్టిగా బొద్దుగా, నడుము కనబడకుండా, పచ్చ నీలం కలిసిన లోహపు మెరుపుతో ఉండి, ముట్టుకుంటే బంతిలా ముడుచుకుంటే అది పరాన్నజీవి. మట్టి గూడుకు కన్నం చేసి తన గుడ్డు పెట్టి పోతుంది.

ఇలా మెరిసేవాటిలో మూడో రకం ఇంకా ఆసక్తికరమైనది. నీలం పచ్చగా మెరుస్తూ, తొడలు మాత్రం ఎర్రగా ఉండి, ఎగరడం కంటే నేల మీదా గోడ మూలల్లోనూ చకచకా నడుస్తుంటే అది బొద్దింకల వేటగత్తె, ఆంప్యులెక్స్ కంప్రెసా. మెట్ల కింద అన్నారు కాబట్టి నా అనుమానం దీని మీదే. ముందు బొద్దింక ఛాతీలో కుడుతుంది, దాంతో ముందుకాళ్ళు కాసేపు పడిపోతాయి. రెండోసారి తలలో, మెదడు ఉన్న చోటే కచ్చితంగా కుడుతుంది. ఆ తర్వాత బొద్దింకకు పారిపోవాలన్న బుద్ధి పుట్టదు. కాళ్ళు పనిచేస్తాయి, నడవగలదు, కానీ తనంతట తాను నడవదు. కందిరీగ దాని మీసాలు సగానికి కొరికి, మిగిలిన మీసం పట్టుకుని కన్నంలోకి నడిపించుకుపోతుంది. కాలి మీద గుడ్డు పెట్టి, కన్నం రాళ్ళతో, మట్టి బెడ్డలతో మూసేస్తుంది. ఇదంతా మనిళ్ళలోనే జరుగుతుంది, చూసే ఓపిక ఉండాలి.

బాత్రూంలో నల్లటి చిన్న పురుగు అద్దం మీద వాలి పొట్టను పైకీ కిందికీ ఆడిస్తూ ఉంటుంది, అది కూడా కందిరీగ కులమే. పేరు ఇవానియా, బొద్దింక గుడ్ల సంచుల్లో గుడ్లు పెడుతుంది. ఇది మనల్ని కుట్టదు. కానీ ఇది కనబడిందంటే సింకు కింద బొద్దింకలున్నాయని అర్థం. చంపాల్సింది దీన్ని కాదు.

ఇప్పుడు సన్‌షేడ్ కింద తుట్టె. పాత కిటికీ చెక్క, వెదురు, రంగు వేయని తలుపుల నుంచి పీచు గీకి, లాలాజలంతో నమిలి ఆ కాగితం చేస్తాయి. ఒక సన్నటి కాడ మీద వేలాడుతూ, గదులన్నీ కిందికి తెరుచుకుని, పైన ఎలాంటి కప్పూ లేకుండా ఉంటుంది. పసుపు ఒళ్ళు, గోధుమ చారలు, ఎగిరేటప్పుడు పొడవాటి కాళ్ళు కిందికి వేలాడుతుంటే అది పోలిస్టిస్. కాస్త చిన్నగా, ఎరుపు గోధుమ రంగులో, పొట్ట మీద పసుపు పట్టీతో ఉంటే రోపాలిడియా మార్జినేటా. దీని మీద బెంగళూరు ఇండియన్ ఇన్‌స్టిట్యూట్ ఆఫ్ సైన్స్‌లో రాఘవేంద్ర గడగ్‌కర్ దశాబ్దాల పాటు పరిశోధన చేశారు. ఇందులో రాణి ఎవరి మీదా పెత్తనం చేయకుండా సాధువులా ఉంటుంది. ఆ రాణిని తీసేస్తే కూలి చేసేవాటిలో ఒకటి ఉన్నట్టుండి దూకుడుగా మారి, కొద్ది రోజుల్లో తనే గుడ్లు పెట్టే రాణి అవుతుంది. మన కిటికీ గ్రిల్ మీద నడిచే రాజకీయం ఇది.

ఇవి పిల్లల కోసం గొంగళి పురుగుల్ని ముక్కలు చేసి తీసుకెళ్తాయి. మిద్దెతోట ఉన్నవాళ్ళకు ఇవి ఉచితంగా దొరికిన కూలీలు. నా ఇంటి వెనక ప్రహరీకి ఒక తుట్టె ఎప్పుడూ ఉంటుంది, నేను తీయను. అయితే అది మనుషులు నడవని చోటు. మీ ఇంట్లో పాప ఉంది, తుట్టె బాల్కనీలో ఉంది. కాబట్టి నా సలహా తేల్చి చెప్తాను:

తుట్టె పిల్లల చేతికో, తలుపు ఊపుకో, బట్టలు ఆరేసే కర్రకో తగిలే చోట ఉంటే తీయించండి. మనిషి దారికి దూరంగా, పై అంతస్తు సన్‌షేడ్ చివరో, చెట్టు మీదో ఉంటే వదిలేయండి.

ఒకటి రెండు కందిరీగలు, నాలుగైదు గదులు మాత్రమే ఉన్న కొత్త తుట్టెను బాగా చీకటి పడ్డాక, నిండు చేతుల చొక్కా వేసుకుని, పొడవాటి కర్రతో రాల్చేయొచ్చు. అక్కడ మిగిలిన కాడ కూడా గీకేయాలి, లేకపోతే మళ్ళీ అక్కడే మొదలుపెడతాయి. అరచేయంత దాటిన తుట్టె జోలికి మీరు పోవద్దు, చీడలు తీసే మనిషిని పిలవండి. ఒంటి మీద ఎప్పుడైనా కందిరీగ కుట్టి దద్దుర్లు వచ్చినవాళ్ళు చిన్న తుట్టె దగ్గరికి కూడా వెళ్ళకూడదు.

పట్టపగలు కింద నిలబడి బొద్దింకల స్ప్రే కొట్టడం, కాగడా పెట్టడం మాత్రం వద్దు. మా వీధిలోనే ఒకాయన రాత్రి నిచ్చెన ఎక్కి కాగితం కాగడాతో తుట్టె కాల్చబోయాడు. అవి సగం కాలకుండానే వెలుగు వైపు, అంటే ఆయన ముఖం వైపు వచ్చాయి. దిగేటప్పుడు కాలు విరిగింది. కుట్టిన చోట్ల వాపు రెండు రోజుల్లో తగ్గింది, కాలికి కట్టు మాత్రం చాలాకాలం ఉంది. రాత్రి చూడాల్సి వస్తే తెల్లటి టార్చి తిన్నగా తుట్టె మీద వేయకండి.

తుట్టె కాక, పెద్ద సైజు కందిరీగలు కనిపిస్తే జాగ్రత్త పెంచండి. వీటిలో మన దగ్గర తరచుగా చూసేవి రెండు. ఒళ్ళంతా ఎరుపు గోధుమ రంగు, ముఖం పసుపు, పొట్ట మధ్యలో పసుపు పట్టీ ఉన్నది మాంసం, చేపల దుకాణాల దగ్గర, మిఠాయి బండ్ల దగ్గర వాలుతుంది. తేనెటీగల మీద కూడా దాడి చేస్తుంది. రెండోది దాదాపు నల్లగా ఉండి, పొట్ట పైభాగాన ఒక్కటే వెడల్పాటి పసుపు నారింజ పట్టీ. ఇది ఆ కాగితం తుట్టెల మీద పడి లోపలి పిల్లల్ని తినేస్తుంది. రెండూ గోడ తొర్రల్లో, నేల కన్నాల్లో, చెట్టు బోదెల్లో గూడు పెడతాయి. ఒకే కన్నంలోకి అవి వరసగా వెళ్ళి వస్తుంటే ఆ కన్నం మీరు మూయకండి, మనిషిని పిలవండి. మూస్తే ఇంకో దారి వెతుక్కుంటాయి, అది ఇంటి లోపలికి కావచ్చు.

కుట్టినప్పుడు ఏం చేయాలో కూడా చెప్పాలి కదా. తేనెటీగ అయితే ముల్లు చర్మంలో ఉండిపోతుంది, ఆలస్యం చేయకుండా గోటితోనో కార్డు అంచుతోనో గీకి తీసేయాలి. కందిరీగ ముల్లు వదలదు, అందుకే ఒకటే పదేపదే కుట్టగలదు. సబ్బుతో కడిగి, గుడ్డలో చుట్టిన ఐస్ పెట్టండి. మనవాళ్ళు ఇనుప ముక్క రుద్దుతారు, దాంతో లాభం లేదు. సున్నం రాస్తే చర్మం కాలుతుంది, వద్దు. నొప్పి, ఎరుపు, వాపు ఒకటి రెండు రోజులుండటం మామూలే. కానీ ముఖం, పెదాలు, నాలుక వాయడం, ఒళ్ళంతా దద్దుర్లు, ఊపిరి ఆడకపోవడం, కళ్ళు తిరగడం, వాంతులు: వీటిలో ఏది వచ్చినా వెంటనే 108కి ఫోన్ చేయండి. అది అలర్జీ. దానికి కావాల్సింది అడ్రినలిన్ ఇంజెక్షన్, ఇంట్లో ఉన్న అలర్జీ మాత్ర చాలదు. గుంపుగా మీద పడి చాలా చోట్ల కుడితే, ముఖ్యంగా పిల్లలకు, అప్పటికి బాగానే ఉన్నట్టు కనిపించినా ఆసుపత్రికి తీసుకెళ్ళాలి. విషం మోతాదు ఎక్కువైతే కిడ్నీలు దెబ్బతింటాయి, ఆ సంగతి తర్వాత బయటపడుతుంది.

కందిరీగలనుకుని జనం చంపే వేరే పురుగుల గురించి రెండు ముక్కలు. పువ్వుల మీద గాల్లో ఒకే చోట నిలబడి ఎగిరే చారల పురుగు పూల ఈగ. రెక్కలు రెండే, మీసాలు పొట్టివి. కందిరీగకు రెక్కలు నాలుగు. ఆ ఈగల్లో చాలావాటి పిల్లలు పేనుబంకను తింటాయి. కంపోస్టు డబ్బా దగ్గర నల్లటి కందిరీగలాంటిది కనిపిస్తే అది బ్లాక్ సోల్జర్ ఫ్లై, దానికి ముల్లే లేదు. దాని పిల్లలే డబ్బాలో గిలగిల్లాడే పురుగులు, మీ చెత్తను తినేది అవే. గులాబీ ఆకులకు గుండ్రంగా నాణెంలా కోతలు పడితే అది ఆకు కోసే తేనెటీగ పని, మందు వేస్ట్. తుమ్మెద ఎండుకర్రకు, వెదురుకు కన్నం పెడుతుంది, కింద రంపపు పొట్టు రాలుతుంది. కర్రకు వార్నిష్ వేస్తే చాలు, ఆ తుమ్మెద లేకపోతే మీ వంకాయ పువ్వులకు ఎవరు వస్తారు? మేడిపండు పొట్టలో ఉండే పురుగులు కూడా కందిరీగల చుట్టాలే, అవి లేకపోతే మేడి గింజ కట్టదు.

పాప కోసం అసలు భయపడాల్సింది కందిరీగ కాని ఇంకో పురుగు గురించి. వానాకాలంలో, వరికోతల రోజుల్లో ట్యూబ్‌లైట్ దగ్గరికి చీమంత సన్నటి, నారింజ నలుపు పట్టీల పురుగు వస్తుంది. తల నలుపు, మెడ నారింజ, మధ్యలో నీలి నలుపు కురచ రెక్కలు, మళ్ళీ నారింజ, చివర నలుపు. యాసిడ్ ఫ్లై అని పిలుస్తున్నారు గానీ అది ఈగ కాదు, పెడరస్ అనే పెంకు పురుగు. కుట్టదు, కరవదు. దాన్ని ఒంటి మీద నలిపితేనే ప్రమాదం. దాని ఒంట్లోని పెడరిన్ అనే పదార్థం చర్మానికి తగిలితే ఒకట్రెండు రోజుల్లో కొరడాతో కొట్టినట్టు ఎర్రటి గీతలా బొబ్బలు లేస్తాయి. కాబట్టి మెడ మీద ఏదో పాకితే చరవకుండా ఊది తోసేయడం పాపకు నేర్పండి. తగిలిన చోటు వెంటనే సబ్బుతో కడగాలి, ఆ చేతులతో కళ్ళు నలుపుకోకూడదు. బెండ, మందార పువ్వులు తినే నలుపు, నారింజ పట్టీల పెద్ద పెంకు పురుగుతోనూ ఇదే జాగ్రత్త, దాన్ని వట్టి చేత్తో ఏరకండి.

చివరిగా మీరు చేయాల్సింది: సన్‌షేడ్ కింది తుట్టెను దూరం నుంచే జూమ్ చేసి ఫొటో తీసి పెట్టండి. నేల నుంచి ఎంత ఎత్తులో ఉందో, పాప బాల్కనీలో ఎక్కడ ఆడుకుంటుందో రాయండి. తీయించాలో వదిలేయాలో ఆ రెండూ తెలిస్తే చెప్పేస్తాను. అప్పటిదాకా బాల్కనీ తలుపు మూసి ఉంచండి, ఎవర్నీ స్ప్రే పట్టుకుని అక్కడికి వెళ్ళనివ్వకండి.